ఘటకేతుడి నలభై సాకులు

కుముదగిరి రాజ్యంలో ధర్మపీఠాన్ని కట్టలేదు, కొండలో తొలిచారు. న్యాయాన్ని ఎవరూ ఎత్తుకుపోకూడదని పూర్వం ఒక రాజు అలా చేయించాడట. లోపల నూరు స్తంభాలు. ఒక్కో స్తంభం మీద ఒక్కో పాత తీర్పు బొమ్మల్లో చెక్కి ఉంటుంది: ఒకే దూడకు రెండు పేర్లు పెట్టి పోట్లాడుకున్న అన్నదమ్ములు, వానదేవుడి మీద ఫిర్యాదు చేసిన రైతు, అతని పక్కన చేతులు కట్టుకుని నిలబడ్డ వానదేవుడు. పైకప్పులో ఒక రంధ్రం ఉంది. దానిలోంచి పళ్లెమంత ఎండ నేల మీద పడి, పొద్దుటి నుంచి సాయంత్రం దాకా నెమ్మదిగా నడుస్తుంది. ఆ ఎండ ధర్మాధికారిణి పాదాలను తాకితే సభ మొదలైనట్టు.

ఆ రోజు ఎండ వచ్చి పాదాల మీద నిలిచింది. ధర్మాధికారిణి సుమేధాదేవి చిన్న రోట్లో తాంబూలం దంచుకుంటోంది. ఆమెకు పళ్లు లేవు. ఉన్నప్పుడు కూడా ఎవరినీ కరవలేదని చెప్పుకుంటారు గాని, అది పూర్తిగా నిజం కాదు.

"ఇవాళ్టికి ఎన్నో రోజే అమ్మాయ్?" అని అడిగింది.

ఎదురుగా పడవ తెడ్డు పట్టుకుని నిలబడ్డ మాచమ్మ, "నలభయ్యోదమ్మా," అంది.

తీర్పు వచ్చి నలభై రోజులు. తగాదా చిన్నదే. శుక్లనది రేవులో జనం పడవ కోసం వరసలో నిలబడి ఉండగా, ఆస్థాన మాంత్రికుడు ఘటకేతుడు అందరినీ తోసుకుని ముందుకొచ్చాడు. పడవ నడిపే బయ్యన, మాచమ్మ మొగుడు, "స్వామీ, గొర్రెలాయన వెనకాల నిలబడండి," అన్నాడు. ఘటకేతుడు అతన్ని అక్కడికక్కడే కొంగను చేసేశాడు. మాచమ్మ ధర్మపీఠమెక్కింది. విచారణ ఒక్క పూటలో ముగిసింది. వరసలో ఉన్నవాళ్లంతా సాక్ష్యం చెప్పారు. గొర్రెలు కూడా ఏదో చెప్పాయి. హస్త కార్తె ప్రవేశించేలోగా బయ్యనను తిరిగి మనిషిని చెయ్యాలని తీర్పు వచ్చింది.

హస్త కార్తె ఇవాళే. పొద్దు వాలగానే కుముదగిరి కొంగలన్నీ ఒక్కసారి లేచి, ఉప్పుకయ్య అనే సముద్రపు పాయ దాటి, దక్షిణాన శంఖద్వీపానికి వెళ్లిపోతాయి. పుట్టుకతో కొంగలైన వాటికి దాని వల్ల నష్టమేమీ లేదు. మంత్రంతో కొంగ అయినవాడు మాత్రం ఆ ఉప్పునీటి మీదుగా ఎగిరితే తాను మనిషినన్న సంగతి మరిచిపోతాడు. ఆ తరువాత అతన్ని ఏ తీర్పూ వెనక్కి పిలవలేదు.

ఘటకేతుడు సభకు రాలేదు. అతని తరఫు వాదకుడు సుముఖుడు వచ్చాడు. గుండ్రటి మనిషి. వంగి నమస్కరిస్తే తిరిగి లేవడానికి కొంత సమయం పట్టేది, ఆ సమయాన్ని కూడా గడువులో కలుపుకునేవాడు.

"దేవీ, మా ప్రభువులకు ధర్మపీఠం మీద అపారమైన గౌరవం. ఇవాళే అమలు చేద్దామంటే, మంత్రదండం నిన్నటి వానకు నానింది. ఆరబెట్టాం."

సుమేధాదేవి రోకలి ఆపింది. "మొదటి రోజు తీర్పు రాసిన తాటాకు కమ్మకు పురుగు చిల్లు పడింది, బయ్యనను దేనిగా మార్చాలో చదవడానికి రావడం లేదన్నావు. కొత్త కమ్మ పంపాను. పదకొండో రోజు రేవులో మూడు వందల కొంగలున్నాయి, ఏది బయ్యనో ఈ అమ్మాయే చూపించాలన్నావు. చూపించింది. మర్నాడు, ఆమె చూపించిన దిక్కుకు శూల ఉందన్నావు. నాయనా సుముఖా, ఇన్ని సాకులు ఎక్కడ పండిస్తారయ్యా మీరు? మాగాణిలోనా, మెట్టలోనా?"

సభ గొల్లుమంది. సుముఖుడు కూడా మర్యాదకు నవ్వాడు. "కొంత అమలు జరిగింది కదా దేవీ. ముప్పయ్యో రోజున మొదటి విడతగా ఆ కొంగకు మీసం తెప్పించి, నివేదిక సమర్పించాం."

"ఆ మీసం సగం మొన్నటి వానకు ఊడొచ్చిందమ్మా," అని మాచమ్మ కొంగుముడి విప్పి దాన్ని ముందు పెట్టింది.

ధర్మాధికారిణి కళ్లతో సైగ చేసింది. స్తంభం పక్కనుంచి వెన్నయ ముందుకొచ్చాడు. ధర్మపీఠం ఆజ్ఞలను మోసుకుపోయి ఎవరి చేతికి ఇవ్వాలో వాళ్ల చేతికే ఇచ్చే ఆజ్ఞాధరుడు అతను. ముప్పై ఏళ్లవాడు, పొడుగ్గా సన్నగా ఉంటాడు. ఎదుటివాళ్లు అరుస్తున్నప్పుడు వాళ్ల నోటికేసి కాక చేతులకేసి చూడడం అతనికి అలవాటు. మీసాన్ని ఎత్తి వాసన చూశాడు.

"మేక వెంట్రుకలు, దేవీ. తుమ్మబంకతో అంటించారు."

"బంకా!" అన్నాడు సుముఖుడు, మొదటిసారి నిజంగా ఆశ్చర్యపోతూ. పాపం, అది అతనికీ తెలియదు.

సుమేధాదేవి మాచమ్మ వైపు తిరిగింది. "కొంగ ఎలా ఉన్నాడే?"

"మొదట్లో రోజూ పొద్దున్నే వచ్చి తెడ్డును మూడుసార్లు ముక్కుతో పొడిచేవాడమ్మా. పడవ కదిలే ముందు తెడ్డుతో మూడుసార్లు కొడతాం, అది మా రేవు అలవాటు. నిన్న ఒక్కసారే పొడిచాడు. ఇవాళ నా చేతిలో చేప తీసుకుని పోయాడు. నా మొహంకేసి చూడనైనా లేదు."

సుమేధాదేవి రోలు పక్కన పెట్టింది.

"వెన్నయా," అంది ధర్మాధికారిణి, "ఆ కడియం దించు."

ధిక్కార కడియం నూరో స్తంభానికి వేలాడుతోంది. దాన్ని చివరిసారి దించి ఎనభై ఏళ్లయింది. అందులో ఒక పిచ్చుక గూడు కట్టుకుంది. వెన్నయ గూటిని జాగ్రత్తగా స్తంభం మీద బొమ్మ చేతిలోకి మార్చాడు. వానదేవుడు చేతులు కట్టుకుని ఉన్నాడు కాబట్టి గూడు చక్కగా కుదిరింది.

ఆ కడియం ధర్మం అందరికీ తెలిసిందే. తీర్పును ఆలస్యం చేసినవాడి కాలికి దాన్ని తొడిగితే, తీర్పు అమలయ్యేదాకా అతను నష్టపోయినవాడి పని చెయ్యాలి. చెయ్యకపోతే కడియం బిగుస్తుంది, చేస్తే వదులవుతుంది. ఫిర్యాది మాత్రం రోజూ సభకు వచ్చి "ఇంకా కాలేదు" అని చెబుతూ ఉండాలి. ఒక్కరోజు రాకపోయినా కడియం దానంతటదే ఊడి పడుతుంది.

"పొద్దు వాలేలోగా," అంది సుమేధాదేవి.

ఘటకేతుడి కోట నల్లరాతి కోట. దూరం నుంచి చూస్తే ఆకాశానికి పడ్డ ఇంకుమరకలా ఉంటుంది. ఏడు ద్వారాలు, ఏడింటికీ ఏడు భూతాలు. గోడల మీద గబ్బిలాలు తలకిందులుగా వేలాడుతూ వచ్చినవాళ్ల పేర్లు రాసుకుంటాయి. మెట్లన్నీ ఒకప్పుడు కొండచిలువలు. మంత్రంతో రాళ్లయ్యాయి గాని, ఎండ ఎక్కువైతే ఇప్పటికీ కొంచెం ఒళ్లు విరుచుకుంటాయి. వెన్నయ ఈ నలభై రోజుల్లో ఆ కోటకు ముప్పైసార్లు వెళ్లాడు. మొదటి భూతం "రెండో ద్వారంలో అడుగు," అనేది. రెండో భూతం "మొదటి ద్వారంలో అడగలేదా?" అనేది. మూడో భూతాన్ని అతను ఇంతవరకు చూడలేదు.

ఈసారి దారిలో చాకలి చావడి దగ్గర ఆగాడు. ఎవరిదో పూల తలపాగా, ఎవరిదో పట్టుచొక్కా అడిగి తొడుక్కున్నాడు. నెత్తిన గంప పెట్టుకున్నాడు. గంపలో కట్టుగుడ్డలు, వాటి కింద కడియం. కోట ముందుకు వచ్చి గొంతెత్తి అరిచాడు.

"సాకులోయ్ సాకులు! వాడని సాకులు! ఒకసారి చెబితే రెండోసారి అడగరు!"

మొదటి ద్వారం కిర్రుమని తెరుచుకుంది. భూతం తల బయటికి పెట్టి అటూ ఇటూ చూసింది.

"ఇంటికి ఆలస్యంగా పోయేవాళ్లకు ఏవన్నా ఉన్నాయా?" అంది మెల్లిగా.

"ఆవిడ భూతమా, రాక్షసా?"

"రాక్షసుల పిల్ల."

"అయితే, 'నీ గురించే ఆలోచిస్తూ దారి తప్పాను' అని చెప్పు. ఒకే ఒక్కసారి పనిచేస్తుంది."

భూతం పెదవులు కదుపుతూ ఆ మాట బట్టీపట్టింది. ద్వారం బార్లా తెరిచింది. ఆ పైన వెన్నయ ఎక్కడా ఆగనవసరం లేకపోయింది. అతను వస్తున్నాడన్న కబురు అతనికంటే ముందు పోయింది. రెండో భూతం, మూడోది, నాలుగోది, అందరూ వరసలో నిలబడి ఉన్నారు. పని ఎగ్గొట్టేవాళ్లందరికీ సాకులు పుష్కలంగా ఉంటాయని మనం అనుకుంటాం. నిజానికి వాళ్ల దగ్గరే కరువు. ఎప్పటికప్పుడు అయిపోతూ ఉంటాయి.

ఏడో ద్వారం దాటాక ఒక పెద్ద గది. మధ్యలో ఘటకేతుడు, చుట్టూ చించి పారేసిన తాటాకులు. గడ్డం మోకాళ్ల దాకా, కళ్ల కింద నల్లటి వలయాలు. నిద్రపోయి చాలా రోజులైనవాడిలా ఉన్నాడు.

"నలభై ఒకటోది కావాలి," అన్నాడు తలెత్తకుండానే. "రేపటికి."

"ఉంది స్వామీ. కాలు బెణికిన సాకు. నిండు సభలో కూడా చెల్లుతుంది. కాకపోతే కట్టు నిజంగా కట్టాలి, ధర్మాధికారిణి గారికి అనుమానం ఎక్కువ. కాలు ఇలా చాపండి."

ఘటకేతుడు కాలు చాపాడు. ధిక్కార కడియం చీలమండకు పడి టక్కున మూసుకుంది.

మాంత్రికుడు ఒక్కసారి గర్జించాడు. గది నాలుగు మూలలా మంటలు లేచాయి. తాటాకులు గద్దలై వెన్నయ మీదికి దూకాయి. వెన్నయ గంప తలకిందులుగా నెత్తిన పెట్టుకుని తలుపు వైపు పరుగెత్తాడు. మంటలు వెయ్యడం పడవవాడి పని కాదు కదా, కడియం బిగిసింది. "అబ్బా!" అన్నాడు ఘటకేతుడు. గద్దలు మళ్లీ ఆకులై రాలాయి. అతను ఒంటికాలి మీద గెంతుతూ వెంటపడి, కోపం పట్టలేక మెట్ల మీది రాతి మంత్రం తీసేశాడు. అదే అతను చేసిన తప్పు. ఏడు అంతస్తుల మెట్లూ ఏడు కొండచిలువలై ఒక్కసారి మెలి తిరిగాయి. వెన్నయ ఒకదాని వీపు మీద పడి జారాడు. ఘటకేతుడు అతని వెనకే జారాడు. భూతాలు "రెండో ద్వారంలో అడగండి!" అని అలవాటు కొద్దీ అరుస్తుండగా ఆఖరి కొండచిలువ తోక విదిలించింది. ఇద్దరూ కోటగోడ మీదుగా గాలిలోకి లేచి, తాటితోపు దాటి, శుక్లనది రేవులో మోకాలిలోతు బురదలో పడ్డారు.

రేవులో మాచమ్మ తెడ్డు నేలకు ఆనించి నిలబడి ఉంది. పక్కన గట్టు మీద సగం మీసం కొంగ. నది అవతల పొద్దు రెండు తాటిచెట్ల ఎత్తుకు దిగింది. కొంగలన్నీ మెడలు చాచి దక్షిణం వైపు తిరిగి ఉన్నాయి.

"ఇడుగో స్వామీ నా మొగుడు," అంది మాచమ్మ. "మార్చండి."

ఘటకేతుడు బురదలో లేచి నిలబడ్డాడు. చెయ్యెత్తాడు. పెదవులు కదిలాయి. ఏమీ జరగలేదు. మళ్లీ కదిలాయి. కొంగ రెక్క కింద గోక్కుంది.

వెన్నయ అతని నోటికేసి చూడలేదు. చేతులకేసి చూశాడు. అవి ఏ ముద్రా పట్టకుండా గాలిలో తడుముకుంటున్నాయి.

"బంక ఎందుకు వాడారో నాకు పొద్దుటి నుంచీ అనుమానంగానే ఉంది," అన్నాడు నెమ్మదిగా. "స్వామీ, మీకు రాదు కదూ?"

ఘటకేతుడు ఎత్తిన చెయ్యి దించి, "రాదు," అన్నాడు.

"ఏం రాదు?" అంది మాచమ్మ.

"వెనక్కి తేవడం. గురుకులంలో మార్చడం ముందు నేర్పుతారు, తిరిగి తేవడం ఆఖరి సంవత్సరం. నేను ఆఖరి సంవత్సరం ఉండలేదు. ఆస్థానంలో కొలువు ఖాళీ అయిందంటే వచ్చేశాను. ఇంతవరకు ఎవరూ వెనక్కి తెమ్మని అడగలేదు."

రాదు అన్న రెండు అక్షరాలను దాచుకోవడానికి అతను ఏడు ద్వారాల కోట కట్టుకున్నాడు. ఇప్పుడు ఆ మాట బయటికి వచ్చాక అతని మొహం విచిత్రంగా తేలికపడింది. మాచమ్మ మొహం మాత్రం తేలికపడలేదు.

"ఆ ముక్క మొదటి రోజే చెప్పుంటే ఏం పోయేది మీకు? నలభై రోజులు! ఆ విద్య వచ్చినవాళ్లు ఎక్కడున్నారో వెతుక్కుంటూ కాలినడకన పోయినా తిరిగొచ్చేవాళ్లం! మీ పరువు సంగతి సరే, నా మొగుడు నన్ను మర్చిపోతున్నాడయ్యా!"

ఘటకేతుడు తల దించుకున్నాడు. "మా గురుపత్ని శారద్వతీదేవికి వచ్చు. ఆమె శంఖద్వీపంలోనే ఉంది."

ముగ్గురూ దక్షిణం వైపు చూశారు. కొంగలు చూస్తున్న వైపే.

"కానీ ఒక చిక్కుంది," అన్నాడు మాంత్రికుడు. "మారినవాడు తన పేరు తన నోటితో ఆమెకు చెప్పాలి. అప్పుడే తిరుగు మంత్రం పట్టుకుంటుంది. ఉప్పుకయ్య మీద ఎగిరితే పేరే మొదట పోతుంది. పక్కన ఎవరైనా ఎగురుతూ గుర్తుచేస్తూ ఉంటే పోకపోవచ్చు."

"అయితే నన్నూ కొంగను చేసెయ్యండి," అంది మాచమ్మ, తెడ్డు కింద పడేసి.

"వద్దక్కా," అన్నాడు వెన్నయ. "రేపు సభలో 'ఇంకా కాలేదు' అని ఎవరు చెబుతారు? నువ్వు లేకపోతే కడియం ఊడుతుంది. ఈయన కోటకు పోయి తలుపులేసుకుంటాడు. ఆ తరువాత మీరిద్దరూ కొంగలుగానే తిరిగొచ్చినా ఫిర్యాదే ఉండదు."

"పోను," అన్నాడు ఘటకేతుడు చిన్నగా. వాళ్లిద్దరూ అతనికేసి ఒక్కసారి చూశారు. "సరే, పోతానేమో," అన్నాడు.

వెన్నయ తలపాగా తీసి గట్టు మీద పెట్టాడు. "ఆజ్ఞ ఎంతదూరం పోతే ఆజ్ఞాధరుడు అంతదూరం పోవాలి. నన్ను మార్చండి. మార్చడం వచ్చుగా?"

"అది బాగా వచ్చు."

"ఆ శారద్వతీదేవి నన్ను కూడా వెనక్కి తెస్తారుగా?"

"ఉంటే తెస్తుంది."

"ఉంటే ఏమిటి స్వామీ?"

"ముప్పై ఏళ్ల కిందట ఉంది," అన్నాడు ఘటకేతుడు, ఎటో చూస్తూ.

అప్పటికి పొద్దు ఒక తాడి ఎత్తుకు దిగింది. ఇక ఆలోచించడానికి వ్యవధి లేదు, అదొక అదృష్టం. మాచమ్మ తీర్పు కమ్మను చుట్టి దారంతో వెన్నయ కాలికి కట్టింది.

"తమ్ముడూ, మూడుసార్లు కొట్టు. దేని మీదైనా సరే, మూడుసార్లు. ఆ చప్పుడు ఆయన ఒంట్లో ఉంది. నీ పేరు నువ్వు మర్చిపోకు సుమా."

"నా పేరు నేనెందుకు మర్చిపోతానక్కా," అని వెన్నయ నవ్వాడు. ఆ నవ్వు సగంలోనే ముక్కు పొడుగైంది. కాళ్లు పుల్లలయ్యాయి. లోకం రెండు పక్కలకూ విడిపోయి, ఎడమ కంటికి ఒకటి, కుడి కంటికి ఒకటి కనిపించసాగింది.

అదే క్షణంలో మూడు వందల కొంగలు లేచాయి. నది మీద తెల్లటి దుప్పటి దులిపినట్టయింది. సగం మీసం కొంగ కూడా లేచింది, మాచమ్మకేసి తిరిగి చూడకుండా. వెన్నయ రెక్కలు ఎటు కొట్టాలో తెలియక ఒకసారి బురదలో, ఒకసారి రెల్లులో పడి, మూడోసారికి గాలిలో ఉన్నాడు.

పైనుంచి కిందికి చూశాడు. రేవులో జనం వరసగా పడవ ఎక్కేశారు. ఘటకేతుడు గడ్డం మెడకు చుట్టుకుని తెడ్డు పట్టుకున్నాడు. మాచమ్మ అంచున కూర్చుని వేలెత్తి చూపిస్తోంది. పడవ ముందుకు పోవడం లేదు, నది నడుమ గుండ్రంగా తిరుగుతోంది.

"స్వామీ, కాస్త తిన్నగా పోనివ్వండి!" గొర్రెలాయన గొంతు పైదాకా వినిపించింది. "గొర్రెలకు కళ్లు తిరుగుతున్నాయి!"

కడియం కొంచెం వదులైందేమో, మాంత్రికుడు రెండోసారి తెడ్డు ఇంకాస్త గట్టిగా వేశాడు.

కొండలు వెనకబడ్డాయి. ఎర్రటి ఎండలో ముందు ఉప్పుకయ్య కనిపించింది, చివర లేని గాజుముక్కలా. గాలిలో ఉప్పు తగలగానే వెన్నయ తలలో ఏదో సన్నగా కరగడం మొదలైంది. ధర్మపీఠానికి ఎన్ని స్తంభాలు? నూరు. నిన్న రాత్రి ఏం తిన్నాడు? తెలియలేదు. తెలియకపోవడం హాయిగా ఉంది. దానికే భయం వేసింది.

గుంపును చీల్చుకుంటూ సగం మీసం కొంగను చేరుకున్నాడు. పక్కకు వచ్చి, తన ముక్కుతో దాని ముక్కు మీద కొట్టాడు. ఒకటి, రెండు, మూడు.

కొంగ తల తిప్పలేదు.

మళ్లీ కొట్టాడు. కింద తీరం అయిపోయింది. మొదటి అల దాటారు. మూడోసారి, ఉన్న బలమంతా పెట్టి కొట్టాడు. ఒకటి, రెండు, మూడు.

కొంగ రెక్క ఒక్క క్షణం తడబడింది. పసుపుపచ్చని కన్ను అతని మీదికి తిరిగింది. మిగిలిన సగం మీసం గాలికి రెపరెపలాడింది.

"ఎవర్రా నువ్వు, ఆ తోసుకోవడం ఏంటి?" అంది. "రేవు దాటాలంటే వరసలో రా!"

వెన్నయ ఆనందంతో గాలిలో ఒక పల్టీ కొట్టాడు. "నీ పేరు! నీ పేరు చెప్పన్నా, త్వరగా!"

"నా పేరెందుకు? బయ్యన. శుక్లనది రేవు బయ్యన." ఆ మాట తన నోటి నుంచే వినేసరికి కొంగ ఉలిక్కిపడింది. వెనక్కి, చీకటి పడుతున్న కొండల వైపు చూసింది. "మాచీ ఏదీ? పడవ ఎవరు నడుపుతున్నారు?" ఆ పైన అనుమానంగా అతని కాలికి కట్టిన కమ్మకేసి చూసింది. "ఇంతకీ నీ పేరేంటబ్బాయ్?"

"నా పేరు..." అని మొదలుపెట్టాడు అతను.

'వె' దాకా వచ్చింది. దాని తరువాత ఒక అక్షరమో, రెండో ఉండాలి. అతను వెతుక్కుంటూ కిందికి చూశాడు. నీళ్లలో ఒక చేప తళుక్కుమంది. ఎంత బాగుందో అది.